నలభై బస్తాల కాయితం

మా తాత మౌలాలీ కట్టిన గోడ వంకరగా ఉందని మా ఊళ్ళో ఎవరూ అనలేదు. అంటే ఆయన ఊరుకునే రకం కాదు. దారానికి కట్టిన ఇత్తడి గుండు ఒకటి ఎప్పుడూ ఆయన చొక్కా జేబులో ఉండేది. పెళ్ళికి పోయినా, చావుకు పోయినా, పీర్ల సావిడికి పోయినా ఆ జేబు ఒకవైపుకి కిందికి లాగేసి ఉండేది. ఎవరింటికైనా పోతే మంచినీళ్ళు పుచ్చుకోకముందే గుండు తీసి గోడ పక్కన వేలాడదీసేవాడు. ఒక కన్ను మూసి, "అరంగుళం బయటికొచ్చింది. ఎవుడు కట్టాడు దీన్ని?" అనేవాడు.

"మీ తాత నన్ను చూసుకోటానికొచ్చిన రోజు గూడా మా ఇంటి గోడ చూశాడే గాని నన్ను చూళ్ళా" అనేది మా నానమ్మ ఖాతూన్ బీ.

"చూసుంటే చేసుకునేవాణ్ణా?" అనేవాడు తాత.

ఒక్క విషయంలో మటుకు ఆయనతో హాస్యాలు పనికిరావు. గుండు ఊగుతున్నంతసేపూ మాట్లాడడు. ఊపిరి కూడా సగమే పీలుస్తాడేమో అనిపించేది. ఆ టైములో ఇల్లు తగలబడుతోందని చెప్పినా, గుండు నిలబడ్డాకే "యాడ?" అని అడుగుతాడు. ఆయన చేత తిట్టించుకోకుండా ఏదైనా చెప్పాలంటే నేను అప్పుడే చెప్పేదాన్ని. బెల్లం ఎత్తుకెళ్ళిన సంగతీ, లెక్కల్లో సున్నా వచ్చిన సంగతీ అట్లా చెప్పినవే.

చదువులో ఆయన నాకంటే ఘనుడేమీ కాదు. నేను ఏడో తరగతి తప్పాను. ఆయన రెండో తరగతిలో ఉండగా వానలకు బడి గోడ కూలిందట. దాన్ని కట్టడానికి వచ్చిన మేస్త్రీ వెంట రాళ్ళు అందిస్తూ బయటికి పోయినవాడు మళ్ళీ లోపలికి రాలేదు. పేరులోని మూడక్షరాలు రాయడం మాత్రం నేర్చుకున్నాడు. అవి రాస్తుంటే గోడ కడుతున్నట్టే ఉండేది. ఒక అక్షరం పెట్టి, వెనక్కి జరిగి చూసుకుని, ఇంకో అక్షరం పెట్టేవాడు.

ఆ రెండో తరగతిలో ఆయన పక్కన పలక పెట్టుకుని కూర్చున్నవాడు గోపాలకృష్ణయ్య. పెద్దయ్యాక ఆయన ఊళ్ళో మోతుబరి రైతు అయ్యాడు, తాత మేస్త్రీ అయ్యాడు. అయినా ఇద్దరూ ఒకరినొకరు 'బావా' అనే పిలుచుకునేవారు. ఆయన ఇల్లూ, గొడ్ల సావిడీ, బావి గట్టూ అన్నీ తాత కట్టినవే. పీర్లు బయటికి వచ్చిన రోజు మొదటి పానకం బిందె గోపాలకృష్ణయ్య ఇంటి నుంచే వచ్చేది. నానమ్మకు విషజ్వరం వచ్చినప్పుడు బండి కట్టి గురజాల ఆసుపత్రికి తీసుకుపోయింది కూడా ఆయనే. ఇవన్నీ ఎందుకు చెబుతున్నానంటే, ఆయన మంచివాడు కాకపోతే మా తాత అంత తేలిగ్గా మోసపోయేవాడు కాదు.

ఎనభై ఒకటిలో జరిగింది ఇదంతా. గోపాలకృష్ణయ్య దొడ్డికీ, పక్కనున్న బసవమ్మ దొడ్డికీ మధ్య ఒక సందు ఉండేది. బసవమ్మకు మొగుడు పోయాడు. రెండెకరాల మిరపతోటనూ జత ఎడ్లనూ ఒక్కతే చూసుకునేది. ఆమె బండి పొలానికి పోవాలన్నా, పొలం నుంచి రావాలన్నా ఆ సందే దారి. ఆ సందు నాదే, అడ్డంగా గోడ పెట్టెయ్యమన్నాడు గోపాలకృష్ణయ్య.

"అది బసవమ్మక్క బండి పోయే దారి గదా బావా?" అన్నాడు తాత.

"ఆమెకి అవతలనుంచి ఇత్తన్నాలే. మాట్టాడే వచ్చా."

అది మొదటి అబద్ధం. తాత దాన్ని నమ్మేసి, నాపరాళ్ళు దింపించి, సందుకు రెండు పక్కల నుంచీ గోడ మొదలుపెట్టాడు. రాళ్ళూ సిమెంటూ మోసుకోవడానికి నడుమ బండి పట్టేంత వెలితి ఉంచాడు. బసవమ్మ రెండు రోజులు చూసింది. మూడో రోజు కొంగు బిగించి వచ్చింది.

"ఏమయ్యా మౌలాలీ తమ్ముడా, నా ఎడ్లకి రెక్కలు మొలిపిత్తన్నావా, ఎగిరి పోటానికి?"

"నీకు అవతల దారి ఇచ్చారంటగా అక్కా?"

"ఎవురిచ్చారు? నీ బావా? ఆ అవతల ఉండేది బావి. బండి బావిలో దించమన్నాడా?"

తాత పోయి అడిగితే, "ఆడమనిషి అట్టాగే అంటది, కానియ్యి" అన్నాడు గోపాలకృష్ణయ్య. బసవమ్మ ఇంక తాతతో మాట్లాడలేదు. నేరుగా గురజాల మునసబు కోర్టుకు పోయింది. వారం తిరగకుండా కోర్టు నోటీసులు అందజేసే అమీనా ధనుంజయరావు సైకిల్ మీద వచ్చాడు. తీర్పు వచ్చేదాకా ఆ గోడ మీద ఒక్క రాయి కూడా పెట్టకూడదనీ, ఉన్నది ఉన్నట్టే ఉండాలనీ ఉత్తర్వు. అందులో మొదటి ప్రతివాది గోపాలకృష్ణయ్య, రెండో ప్రతివాది మా తాత. అమీనా నడిబజార్లో నిలబడి ఇంగ్లీషు కాగితాన్ని తెలుగులో అర్థం చెప్పి, ఇద్దరి చేతా సంతకాలు పెట్టించుకుని, ఒక ప్రతిని గోడకు అంటించాడు. తాత మూడక్షరాలు పెట్టేసరికి అమీనా రెండు బీడీలు కాల్చాడట.

ఆ రోజు నుంచి మా తాతను చూసి నవ్వనివాళ్ళు లేరు. గోడకి కోర్టు పెట్టిన కాపలా లేదు గాని తాత పెట్టుకున్న కాపలా ఉంది. దాని మీద ఎవరూ చెయ్యి ఆనించకూడదు. పిల్లలు ఎక్కకూడదు. అంటించిన కాగితం ఎండకు లేస్తుంటే గంజి పూసి మళ్ళీ అంటించాడు. ఇట్లా ఉండగా ఒకరోజు మా నానమ్మ మేక ఆ గోడెక్కి, పైవరస రాయి ఒకటి కింద పడేసింది. తాడు నా చేతిలోనే ఉందని మీకు చెప్పడానికి ఇప్పుడు భయం లేదు.

తాత ఆ రాయి దగ్గర చాలాసేపు కూర్చున్నాడు. తిరిగి పెడితే కోర్టు మాట దాటినట్టా? పెట్టకపోతే ఉన్నది ఉన్నట్టు లేనట్టా? ఎటూ తేలక, గురజాలకు నాలుగు మైళ్ళు నడిచిపోయి, కోర్టు ముందు టీ బంకు దగ్గర అమీనాను పట్టుకున్నాడు.

"పాతికేళ్ళ సర్వీసయ్యా నాది. ఇట్టాంటిది అడిగినోణ్ణి నిన్నే చూశా" అని ధనుంజయరావు నవ్వితే చేతిలో టీ ఒలికిందట. "పెట్టుకో పో, మేక పడేసిన రాయిని."

"ఆ ముక్క కాయితం మీద రాసిత్తారా అయ్యా?"

"పోవయ్యా, పో!"

రాసివ్వలేదు గనక తాత రాయి పెట్టలేదు. అది అట్లాగే గోడ కింద పడి ఉంది. నానమ్మ మాత్రం మేకకు నాలుగు తగిలించింది.

నెల దాటాక ఒక పొద్దున్నే గోపాలకృష్ణయ్య మా ఇంటికి వచ్చాడు. ఇస్త్రీ చొక్కా, చేతిలో సంచీ. మా గడప మీదే కూర్చున్నాడు.

"స్టే ఎత్తేశారు బావా. లెగు, పని కానీ."

"కాయితం ఉందా?" అన్నాడు తాత. అమీనాను అడిగిన మాటే.

"ఉండకుండా యాడికి పోద్ది?" అని సంచీలోంచి తీశాడు. ఇంగ్లీషులో టైపు కొట్టిన కాగితం. పైన మూడు సింహాలు, కింద ఊదారంగు గుండ్రటి ముద్ర, పక్కన గెలికినట్టు ఒక సంతకం. తాత దాన్ని వెలుతురుకు ఎత్తిపట్టి, తలకిందులుగా కూడా ఒకసారి చూశాడు.

"ఇది నాకియ్యి బావా. నా కాడుంటే నాకు ధైర్యం."

గోపాలకృష్ణయ్య ఒక్క క్షణం ఆగాడట. నానమ్మ ఆ ఆగడాన్ని చూసింది. బతికినన్నాళ్ళూ ఆ సంగతి చెప్పేది. "ఆ మనిషి మొఖంలోకి ఏదో వచ్చి పోయిందే. నేను చూశాను. చూసి టీ పెట్టటానికి పోయాను. నా బుద్ధికి అగ్గిపెట్టా!"

"ఉంచుకో. భద్రం" అన్నాడాయన. "నేను నూజెండ్ల పోతన్నా, మా చెల్లెలు గారింటికి. రెండు రోజులు రాను. నాకోసం చూడమాక, నడుమ వెలితి మూసెయ్యి."

తాత ఆ కాగితాన్ని ప్లాస్టిక్ సంచీలో చుట్టి, ట్రంకుపెట్టెలో తన పెళ్ళినాటి జరీ టోపీ కింద పెట్టాడు. గోడ దగ్గరికి పోయి, మొట్టమొదట మేక పడేసిన రాయి ఎత్తి దాని చోట దాన్ని పెట్టాడు. తర్వాత రెండు రోజుల్లో నడిమి వెలితి పూడ్చేశాడు. గుండు వేస్తే వెంట్రుకవాసి తేడా లేదు.

రెండో రోజు పొద్దువాలే వేళకు, మిరపకోతకని అప్పటిదాకా పొలంలోనే ఉన్న బసవమ్మ అక్కణ్ణుంచి మిరపకాయల బండి తోలుకొచ్చింది. ఎడ్లు అలవాటుగా సందులోకి తిరిగి, గోడ ముందు ఆగి, దాన్ని మూతితో తోశాయి. ఆమె బండి దిగి గోడను చూసింది, తాతను చూసింది.

"కోర్టంటే గూడా లెక్కలేదా నీకు?"

"స్టే ఎత్తేశారక్కా. కాయితం నా పెట్టెలో ఉంది" అన్నాడు తాత, కొంచెం గొప్పగానే.

"నా ప్లీడరుకి తెలవకుండానే ఎత్తేశారా?"

ప్లీడర్ల సంగతి తాతకేం తెలుసు? కాగితం మాత్రం ఉంది. మిరపకాయల బస్తాలు దింపి, ఒక్కొక్కటీ తలమీద పెట్టుకుని బజారు చుట్టూ తిరిగి చేరవేసుకుంది బసవమ్మ. తాత సాయం పోతే రానివ్వలేదు.

పది రోజుల్లో మళ్ళీ అమీనా వచ్చాడు. ఈసారి కోర్టు ధిక్కారం కేసు. ఉత్తర్వు దాటి గోడ కట్టినందుకు ఇద్దరినీ జైల్లో ఎందుకు పెట్టకూడదో వచ్చి చెప్పుకోమని నోటీసు. ధనుంజయరావు ఈసారి నవ్వలేదు. "రాయి పెట్టొచ్చా అని అడిగినోడివి, గోడ ఎట్టా కట్టావయ్యా?" అని మాత్రం అన్నాడు. తాత గోపాలకృష్ణయ్య ఇంటికి పరుగెత్తాడు.

"దానికేంది బావా, మన వెంకట్రామయ్య ప్లీడరు ఉన్నాడుగా! ఇద్దరికీ ఆయనే. నువ్వు నోరు తెరవమాక. ఆ కాయితం గీయితం తేబాక, అన్నీ ఆయన కాడున్నై."

తాత తల ఊపాడు గాని, వాయిదా రోజున పెట్టె తెరిచి కాగితం తీసుకున్నాడు. ఒక జేబులో గుండు, రెండో జేబులో కాగితం. చొక్కా రెండు పక్కలా సమంగా వేలాడటం ఆ ఒక్కరోజే చూశానంది నానమ్మ. మేమిద్దరం కూడా వెంట పోయాం. నన్ను ఇంట్లో వదిలిపెడితే మేకను వదిలేస్తానని ఆమె భయం.

కోర్టు హాలులో వెంకట్రామయ్య ప్లీడరు లేచి చాలాసేపు మాట్లాడాడు. మొదటి ప్రతివాది గౌరవనీయుడైన రైతు. గోడ కట్టిన రెండు రోజులూ ఆయన నూజెండ్లలో ఉన్నాడు, సాక్షులున్నారు. వద్దని ఆయన ఎంత చెప్పినా వినకుండా, పని పూర్తయితే గాని కూలి రాదన్న ఆశతో రెండో ప్రతివాది తనంతట తానే గోడ కట్టేశాడు. తాత బుద్ధిగా వింటున్నాడు. రెండో ప్రతివాది ఎవడోగాని చానా దుర్మార్గుడని అనుకున్నాడట. ఆ దుర్మార్గుడు తానేనని తెలియడానికి, వెనకనుంచి నానమ్మ, "నిన్నేనయ్యా, నిన్నే అంటన్నారు!" అని అరవాల్సి వచ్చింది.

తాత గోపాలకృష్ణయ్య వైపు తిరిగాడు. ఆయన పైన తిరుగుతున్న ఫ్యాను రెక్కలు చూస్తున్నాడు.

"అయ్యా, నేను ఊరికే కట్టలా" అని తాత ముందుకు పోయి, ప్లాస్టిక్ సంచీ విప్పాడు. "తమరు ఎత్తేశాకే కట్టా. ఇదిగో, తమరిచ్చిన కాయితమే."

మునసబు గారు అందుకుని చదివారు. రెండోసారి చదివారు. కళ్ళజోడు తీసి తాతను చూశారు.

"ఇది సిమెంటు పర్మిట్. గొడ్ల సావిడి మరమ్మతుకు నలభై బస్తాలు. సరుకు ఇచ్చేసినట్టు ముద్ర కూడా ఉంది."

అప్పట్లో సిమెంటు కావాలంటే సర్కారు పర్మిట్ ఉండాలి. దాని మీద కూడా మూడు సింహాలే ఉంటాయి. హాలంతా నవ్వింది. ప్లీడర్లు నవ్వారు, బంట్రోతు నవ్వాడు, వేరే కేసుకు వచ్చినవాళ్ళు కూడా నవ్వారు. నేనూ నవ్వాను, అందరూ నవ్వుతున్నారని. నవ్వనిది బసవమ్మ, అమీనా ధనుంజయరావు.

అమీనా లేచి నిలబడ్డాడు. "అయ్యా, సెలవిస్తే ఒక్కమాట" అని, మేక సంగతి చెప్పాడు. పడిపోయిన రాయి తిరిగి పెట్టడానికి కోర్టు అనుమతి కోసం నాలుగు మైళ్ళు నడిచొచ్చిన మనిషి అన్నాడు.

"ఈ కాగితం నీకెవరిచ్చారు?" అని మునసబు గారు తాతను అడిగారు.

తాత గోపాలకృష్ణయ్యనే చూస్తూ, "నువ్వు చెప్పు బావా" అన్నాడు. చెబుతాడని ఆయనకు ఇంకా నమ్మకమే. "స్టే ఎత్తేశారని నువ్వన్నావా లేదా, ఆ ఒక్క మాట చెప్పు. ఆ తరవాత నన్ను ఎన్నాళ్ళు లోపలెయ్యమన్నా ఉంటా."

గోపాలకృష్ణయ్య ఫ్యాను మీదనుంచి చూపు దింపాడు గాని తాత మీద పెట్టలేదు. "పర్మిట్ నేనే ఇచ్చానండి. సిమెంటు తెచ్చేవాడు ఆయనే గదండి, మామూలే. దాన్ని ఆయన ఏమనుకున్నాడో నాకేం తెలుసండి?"

ఆ తర్వాత జరిగిందంతా తొందరగా జరిగిపోయింది. గోడను పదిరోజుల్లో మొదటి ప్రతివాది పడగొట్టించాలనీ, ఇద్దరూ బేషరతుగా క్షమాపణ చెప్పుకోవాలనీ, లేకపోతే ముప్పై రోజులు సివిలు జైలనీ మునసబు గారు చెప్పారు. వెంకట్రామయ్య ప్లీడరు దగ్గర రెండు కాగితాలు ముందే టైపు చేసి ఉన్నాయి. గోపాలకృష్ణయ్య ఒకదాని మీద సంతకం పెట్టి, చేతులు జోడించి, కండువాతో కళ్ళు కూడా ఒత్తుకున్నాడు. రెండోది తాత ముందు పెట్టారు.

"చదవండి" అన్నాడు తాత.

"క్షమాపణేనయ్యా, పెట్టు" అన్నాడు ప్లీడరు.

"చదివి చెప్పండి. నాకు కాయితాల్లో తేడా తెలవదు."

మునసబు గారు తల ఊపితే, అమీనా చదివి తెలుగులో చెప్పాడు. ఉత్తర్వు అమల్లో ఉందని తెలిసి, మొదటి ప్రతివాది వద్దన్నా వినకుండా, కూలి ఆశతో కట్టానని ఉంది.

"గోడ కట్టా. తప్పే" అన్నాడు తాత. "బసవమ్మక్క దారి మూశా. ఆమె కాళ్ళు పట్టుకోమన్నా పట్టుకుంటా. ఆయన వద్దన్నాడని మటుకు నా పేరు పెట్టను. ఆయన వద్దనలా."

"వేరే కాగితం రాయించుకుంటావా? టైమిస్తాను" అన్నారు మునసబు గారు. ఆయన పాపం మంచిగానే అడిగారు.

తాత చెయ్యి జేబులోకి పోయింది. ఇత్తడి గుండు బయటికి వచ్చి, వేళ్ళ మధ్యనుంచి దిగి, బోను కర్ర పక్కన ఊగడం మొదలుపెట్టింది. ఎంతసేపటికీ అది నిలబడటంలేదు. మునసబు గారు మూడుసార్లు అడిగారు. గుండు ఊగుతుండగా మా తాత మాట్లాడడని ఆ హాలులో తెలిసినవాళ్ళం ముగ్గురం. నేనూ, నానమ్మా, గోపాలకృష్ణయ్యా. నానమ్మ ఏడుస్తోంది. నేను చిన్నదాన్ని. మూడో మనిషి చెప్పలేదు.

ముప్పై రోజులు అని రాశారు.

సివిలు జైలులో ఒక తమాషా ఉంది. లోపల వేయించిన వాళ్ళే లోపలివాడి తిండికి బత్తా కట్టాలి. కట్టకపోతే మనిషిని వదిలేస్తారు. బసవమ్మ మొదటి వారానికి ఆ రోజే కోర్టులో కట్టేసింది. మూడోరోజు సబ్‌జైలుకు కూడా వచ్చింది, గోంగూరా జొన్నన్నమూ గిన్నెలో పెట్టుకుని.

"తిను. మీ బావ ఏమన్నా పంపాడా?"

"లేదక్కా."

"రాలా గూడా?"

"లేదక్కా."

"తిను" అంది మళ్ళీ.

ఎనిమిదో రోజు పొద్దున బత్తా కట్టే వేళ దాటిపోయింది. ఆమె ప్లీడరు మనిషిని పంపితే, "మిరపకాయలు ఎండబోసుకోవాల, తీరిక లేదు" అందట. కోర్టు వారి కాగితం వచ్చింది, జైలు తలుపు తెరిచారు. తాత ఆ కాగితాన్ని కూడా చదివించుకున్నాకే బయటికి అడుగు పెట్టాడు.

పదిరోజుల గడువు ఇంకో రెండు రోజుల్లో అయిపోతుంది. గోడ అట్లాగే ఉంది. గోపాలకృష్ణయ్య పిలిస్తే ఒక్క మేస్త్రీ కూడా రాలేదు. మౌలాలీ గోడ మేం పడగొట్టం అన్నారు. తన చేత్తో కట్టినదాన్ని మేస్త్రీ తనే పడగొట్టడం మా వాళ్ళలో లేదు. కన్నబిడ్డను కొట్టినట్టు చూస్తారు. అయినా మర్నాడు పొద్దున్నే తాత గడ్డపార భుజాన వేసుకుని బయలుదేరాడు.

"ఆయన గోడ ఆయన్నే కూల్చుకోనీ. జైలుకి పోనీ!" అని నానమ్మ అడ్డం నిలబడింది.

"కోర్టు మాట నా చేత్తో దాటింది. నా చేత్తోనే సరి కావాల" అన్నాడు.

పైవరస నుంచి ఒక్కొక్క రాయీ విడదీసి, పగలకుండా కిందికి దించి, పక్కన పేర్చాడు. మధ్యాహ్నానికి బండి దారి తెరుచుకుంది. బసవమ్మ బండి కట్టి, ఊరికే, పొలంలో పనేమీ లేకపోయినా, ఒకసారి అటు పోయి ఇటు వచ్చింది.

గోపాలకృష్ణయ్య కాఫీ గ్లాసు పట్టుకుని దగ్గరికి వచ్చాడు. "అలిసిపోయావు, తాగు బావా."

"వద్దండీ" అన్నాడు తాత.

గ్లాసు పట్టుకున్న చెయ్యి అట్లాగే ఉండిపోయింది.

"ఆ ప్లీడరు రాసిందయ్యా అదంతా. ఇంట్లో పెళ్ళీడుకొచ్చిన పిల్ల ఉంది, నేను జైలుకి పోతే..."

"రాళ్ళన్నీ సరిగ్గా ఉన్నయ్యి గోపాలకృష్ణయ్య గారూ. చూసుకోండి."

"గారేంది బావా? నన్ను గారంటావేంది?" ఈసారి కళ్ళు తడిసినా కండువా తీయలేదు ఆయన.

తాత జేబులోంచి గుండు తీశాడు. గోడలేని ఆ ఖాళీలో చెయ్యి చాచి దాన్ని వేలాడదీసి, ఒక కన్ను మూశాడు. గుండు ఊగుతోంది. గోపాలకృష్ణయ్య మా తాత ముందు నిలబడి అది ఎప్పుడు ఆగుతుందా అని చూశాడు. కాఫీ మీద మీగడ కట్టింది. తాత వేళ్ళు సన్నగా కదుపుతూనే ఉన్నాడు. రాళ్ళ పక్కన కింద కూర్చున్న నాకు అది కనబడింది గాని, నేను చెప్పలేదు.